తప్పులు మోసే ఉద్యోగం

తప్పు చేయడం పెద్ద కష్టమేమీ కాదు, ఎవరైనా చేస్తారు. అది ఎవరిదో తేల్చడమే కష్టం. ముప్పై రెండేళ్లు ఒక ఆఫీసులో కుర్చీ అరగదీసినవాణ్ణి గనుక ఈ మాట కాస్త గట్టిగానే చెప్పగలను. మా దగ్గర ఒకసారి ఫైలు పోయింది. దాన్ని వెతకడానికి ఒక పూట పట్టింది. పోగొట్టింది ఎవరో తేల్చడానికి పదకొండేళ్లు పట్టింది. తేలేసరికి అసలా ఫైలు ఎందుకు తెరిచారో తెలిసినవాళ్లంతా రిటైరైపోయారు. ఈ తిప్పలన్నీ మనకు ముందుచూపు లేకపోవడం వల్ల వచ్చినవి. ఈశాన్యాన కొండల మధ్య మణిపూర్ లోయలో మైతేయి రాజులు ఈ చిక్కును కొన్ని వందల ఏళ్ల కిందటే విప్పేశారు.

వాళ్లకొక ఆచారం ఉండేది. ఏటా ఒక మనిషిని ఎంచుకునేవారు. ఆ ఏడాది రాజుకూ రాజ్యానికీ పట్టే పాపం, కీడు, దోషం ఏదైనా సరే ఆయన తన నెత్తిన వేసుకోవాలి. అందుకు బదులుగా ఆ ఏడాదికి ఆయన పేరు పెడతారు. ఆయన్ని చైతాబా అనేవారు. మనం ఏడాది మనిషి అనుకుందాం. ఆచారం వరకు నిజమే. నేను చెప్పబోయే రాజూ, ఆయన కొలువూ, తక్కిన భాగోతమంతా నా కల్పన. రాజుగారి పేరు కూడా చెప్పను. చెబితే ఎవరో ఒకరు బయల్దేరి వచ్చి మా ముత్తాతనే అన్నావంటారు.

రాజుగారు మంచివాడే. గుర్రమెక్కి కర్రతో బంతి కొట్టే ఆటంటే ఆయనకు ప్రాణం. అంతకంటే ప్రాణం చరిత్ర. ఏ యేటికాయేడు రాజ్యంలో జరిగినదంతా కోటలో పండితులు రాసి ఉంచేవారు. అందులో తన తాతగారి గురించి ముప్పై ఏడు పుటలున్నాయని రాజుగారు రోజుకు రెండుసార్లైనా ఎవరికో ఒకరికి చెప్పేవాడు. ఆ పండితులకు పెద్ద అథౌబా. ఆయన నోట మామూలు మాట వచ్చేది కాదు. దాహమేస్తే నీళ్లు అడగడు, 'జలప్రదాన విషయమై తగు చర్య' కోరతాడు.

ఆ ఏడు ఏడాది మనిషిగా అథౌబా ఎంచినది వాంగంబాను. వాంగంబా దుంగ తొలిచి పడవలు చేస్తాడు. చేతిలో పని ఎంత గట్టిదో మనిషి అంత మెత్తన. ఎవరైనా తన కాలు తొక్కితే, తొక్కినవాడికి క్షమాపణ చెప్పే రకం. ఇంతకంటే అర్హత ఎవరికుంటుంది?

అతని భార్య థంబాల్ బజారులో చేపలమ్ముతుంది. ఆ రాజ్యంలో మగవాళ్లందరూ ప్రతి నలభై రోజుల్లో పది రోజులు రాజుగారి పనికి పోవాలి గనుక బజారు మొత్తం ఆడవాళ్ల చేతుల్లో ఉండేది. వాళ్లను అందరూ ఇమా అని, అంటే అమ్మా అని పిలిచేవారు. కొనడానికి తప్ప మగవాడు అక్కడ అడుగు పెట్టడు, బేరం మొదలయ్యాక ఎందుకు పెట్టానా అనుకుంటాడు.

ఎర్రటి కొత్త శాలువా కప్పుకుని ఇంటికొచ్చిన మొగుణ్ణి థంబాల్ ఎగాదిగా చూసింది.

"ఇంతకీ ఏం పని చేయాలట?"

"పనేం లేదట. పది రోజుల వెట్టికి కూడా వెళ్లక్కర్లేదట. ఏదైనా తప్పు జరిగితే నాదేనని ఒప్పుకోవాలట, అంతే."

"అది ఇంట్లో రోజూ చేస్తున్నదే కదా. ఎర్ర శాలువా నేనివ్వలేదు, అంతే తేడా," అంది థంబాల్.

మొదటి రెండు నెలలూ ఉద్యోగం హాయిగా గడిచింది. వాన వారం రోజులు ఆలస్యమైంది. వాంగంబా పొలాల గట్టు మీద నిలబడి రైతులకు క్షమాపణ చెప్పాడు. రాజుగారికి పన్ను నొప్పి పుట్టింది. కోటకు వెళ్లి రాజుగారి దవడకు దణ్ణం పెట్టి వచ్చాడు. పూర్వం ఏడాది మనుషులందరూ చేసింది ఇంతే. దేవుడి వల్ల జరిగినవాటికి ఒక మనిషి పూచీ పడటంలో అన్యాయమేమీ లేదు, దేవుడు ఎటూ కొలువుకు హాజరు కాడు.

మూడో నెలలో వంతెన కూలింది. కోటకూ బజారుకూ మధ్య నదిమీద కట్టిన కొత్త వంతెన అది. ప్రారంభించిన మూడో రోజున రెండు గేదెలు, ఒక పెళ్లివారి మేళం దాటుతుండగా కూలింది. ఎవరికీ ప్రాణాపాయం లేదు. గేదెలు ఈదాయి, మేళం వాళ్లు గేదెల్ని పట్టుకున్నారు. వెళ్లి చూస్తే తేలిందేమిటంటే, వంతెనల అధికారి ఇవతలి గట్టున స్తంభాలు బ్రహ్మాండంగా పాతించాడు. అవతలి గట్టున పాతించడం మరిచిపోయాడు.

కొలువు కూడింది. వంతెనల అధికారి ముఖంలో నెత్తురు చుక్క లేదు. అప్పుడు అథౌబా లేచాడు.

"మహారాజా! ఈ సంవత్సరమున రాజ్యమునందు సంభవించు సమస్త దోషములును ఏడాది మనిషికి చెందునని శాసనం. సదరు వంతెన ఈ సంవత్సరమే కూలింది. కావున సదరు దోషం సదరు వాంగంబాకు చెందుతుంది. ఇందులో వంతెనల అధికారివారికి ఎట్టి ప్రమేయమూ లేదు. వారు నిర్మించిరి, అంతే."

ఆ మాటతో ఎక్కడెక్కడి అధికారుల ముఖాల్లోనూ దీపం పెట్టినట్టయింది.

వాంగంబాను పిలిపించారు.

"వంతెన నీవల్లే కూలిందా?" అని అడిగాడు రాజుగారు.

"ఎప్పుడు కూలింది ప్రభూ?"

"నిన్న."

"అయితే ఈ ఏడే కదా. నావల్లే ప్రభూ, క్షమించాలి."

వంతెనల అధికారి పరుగున వచ్చి అతణ్ణి కౌగిలించుకున్నాడు. మళ్లీ వంతెన కట్టే మాట ఎవరూ ఎత్తలేదు. దోషం తేలిపోయాక ఇంకా వంతెన దేనికి?

ఆ మర్నాటి నుంచి వాంగంబా గుమ్మం ముందు అధికారులు బారులు తీరారు. ధాన్యం అధికారి కొట్టుకు కప్పు వేయించకుండా వడ్లు నింపాడు, అవి మొలకెత్తాయి. వాంగంబా ఒప్పుకున్నాడు. ఆస్థాన వైద్యుడు సేనాపతి కుడికాలు నొప్పికి ఎడమకాలికి కట్టు కట్టాడు. అదీ ఒప్పుకున్నాడు. ఒకనాడు ఆటలో రాజుగారు గుర్రం మీంచి కర్ర విసిరితే బంతి గురి తప్పి మంత్రిగారి మోకాలికి తగిలింది. వాంగంబా ఆ వేళ రెండు కోసుల దూరంలో దుంగ తొలుస్తున్నాడు. వార్తాహరుడు రొప్పుతూ వచ్చి, "నువ్వు మంత్రిగారి మోకాలు విరగ్గొట్టావు, తొందరగా రా," అన్నాడు. వాంగంబా ఉలి కింద పెట్టి, కాళ్లు కడుక్కుని వెళ్లాడు.

రద్దీ పెరిగాక అథౌబా దీన్నొక పద్ధతిలో పెట్టాడు. పద్ధతిలో పెట్టడమంటే ఏమిటో నాకు బాగా తెలుసు, పని ఆగిపోయిందన్నమాట. తప్పు చేసిన అధికారి ఇకపై దోష బదిలీ పత్రం మూడు ప్రతుల్లో దాఖలు చేయాలి. ఒకటి కోటకు, ఒకటి వాంగంబాకు, మూడోది మొదటి రెండూ పోతే వాడుకోవడానికి. అంతటితో ఆగలేదు. వంతెనలవాళ్లే తప్పులన్నీ వాడేసుకుంటున్నారని చిన్న శాఖలవాళ్లు గోల పెట్టారు. పండితులు మూడు రోజులు గ్రహాలు లెక్కగట్టి ఒక మనిషి మోయగలిగేది నూరు తప్పులని తేల్చారు. రాజ్యంలో శాఖలు పది. శాఖకు పది తప్పుల చొప్పున కేటాయించారు. ఏడాది చివరికి వాడుకోనివి మురిగిపోతాయి.

ఆ శాసనం చివర ఒక ముక్క ఉంది. దాన్ని అథౌబా స్వయంగా వాంగంబా ఇంటి ముందు నిలబడి చదివాడు.

"నూరు దోషములూ నిండిన మనిషిని దేశమధ్యమున ఉంచుట దేశానికి అరిష్టం. కావున అట్టివానిని సంవత్సరాంతమున లోక్తాక్ సరస్సులోని దీవికి పంపి, యావజ్జీవం అచ్చటనే ఉంచవలెను. తోడుగా ఎవరూ వెళ్లరాదు. దోషం అంటుతుంది."

థంబాల్ చేపల బుట్ట దించింది. "అయ్యా, అంటే మా ఆయన్ని ఎత్తుకుపోతారా?"

"ఎత్తుకుపోవుట కాదమ్మా. సగౌరవంగా తరలించుట. శాలువా అతడి వద్దనే ఉంటుంది."

"నూరు నిండకపోతే?"

"నిండనిచో ఏ సమస్యా లేదు. స్వగృహమందే ఉండును."

థంబాల్ అడిగి తెలుసుకుంది. అప్పటికి నలభై మూడు. ఏడాదిలో ఎనిమిది నెలలు గడిచాయి. ఫరవాలేదు, నిండవులే అనుకుంది పాపం. ఆమె ఎన్నడూ ఆఫీసులో పనిచేసిన మనిషి కాదు. ఏడాది చివరి నెల అంటే ఏమిటో ఆమెకు తెలియదు.

చివరి నెల వచ్చింది. కేటాయించిన తప్పులు మురిగిపోతున్నాయని శాఖలన్నీ ఒక్కసారి ఉలిక్కిపడి లేచాయి. ఈ ఏడు పూర్తిగా వాడకపోతే వచ్చే ఏడు కోత పెడతారన్న పుకారు కూడా పుట్టింది. రోడ్లవాళ్లు ఒక రోడ్డును నేరుగా చెరువులోకి వేశారు. ఏనుగుల శాఖ ఏనుగును పోగొట్టింది. అది దొడ్డి వెనకే నిలబడి చెరకు నములుతోంది గాని, ఎవరూ మర్యాదకు అటు చూడలేదు. ధాన్యం శాఖవాళ్లు ఎలుకల్ని బయటినుంచి తెప్పించారు. అందరిలోకీ జాలి వేసింది పడవల అధికారిని చూస్తే. ముసలాయన. పని తెలిసినవాడు. ఏడాదంతా ఒక్క తప్పూ చేయలేదు. ఆయనకు తాఖీదు వచ్చింది: 'మీ శాఖ ప్రగతి శూన్యం. సంజాయిషీ ఇవ్వవలెను.' ఆయన కళ్లనీళ్లు పెట్టుకుంటూ రేవుకు పోయి పది పడవలకు పది చిల్లులు పొడిచాడు. ఆ పదీ వాంగంబా చేతితో తొలిచినవే.

ఆ పది పత్రాలూ తెచ్చి ఇచ్చినప్పుడు మాత్రం వాంగంబా వెంటనే ఒప్పుకోలేకపోయాడు. ఒక పత్రం చేతిలో పట్టుకున్నాడు.

"ఈ పడవకి ముక్కు సరిగా రావడానికి నెల పట్టింది నాకు," అన్నాడు.

"నన్ను తిట్టు బాబూ," అన్నాడు ముసలి అధికారి.

"ఎలా తిడతానయ్యా, తప్పు నాదైతేనూ," అని వాంగంబా వేలిముద్ర వేశాడు. నాకు వాంగంబా మీద నిజంగా కోపం వచ్చిన ఘట్టం ఇదొక్కటే. ఇంత మంచితనం ఎవరికి ఉపయోగం?

ఏడాది ఇంకా రెండు రోజులుందనగా నూరు నిండాయి. శుభవార్త చెబుతున్నవాడిలా అథౌబా వచ్చాడు.

"రాజ్యచరిత్రలో ప్రథమంగా లక్ష్యం నూటికి నూరుపాళ్లు నెరవేరింది. ఎల్లుండి సూర్యాస్తమయానికి దీవి ప్రయాణం. సామాను తక్కువగా తీసుకొనవలెను."

థంబాల్ ఏడవలేదు. ఇరవై ఏళ్లుగా బజారులో బేరమాడిన మనిషి, ఎదుటివాడికి ఏది ముద్దో ఆమె ఇట్టే కనిపెడుతుంది. గొంతు మార్చి అడిగింది.

"అయ్యా, ఈ ఏడాది చరిత్ర తమరే రాశారట కదా. మా ఆయన దేశం విడిచిపోయేలోగా ఆయన చేసిన ఘనకార్యాలేవో నా చెవిన కూడా వేయరూ?"

తన రచన వినిపించమని అడిగినవాళ్లు అథౌబాకు జీవితంలో అప్పటిదాకా తగల్లేదు. అక్కడే కూర్చుని మొదటినుంచి చదివాడు. థంబాల్ చేపలు శుభ్రం చేస్తూనే విన్నది. సగంలో ఆమె చేతిలో కత్తి ఆగింది. చివరిదాకా విని, పొంగిపోయినట్టు చేతులు జోడించింది.

"ఇంత గొప్పగా రాసింది నా ఒక్కదానికి వినిపిస్తే ఏం బాగుంటుంది? ఎల్లుండి కొలువులో రాజుగారి ముందు గట్టిగా చదవండయ్యా. మా బజారు ఇమాలందరినీ తీసుకొస్తాను."

"సముచిత ప్రతిపాదన," అన్నాడు అథౌబా, కళ్లు చెమర్చి.

ఏడాది చివరి రోజు మధ్యాహ్నం కొలువు కిక్కిరిసింది. ఒకవైపు పది శాఖల అధికారులు, ఒకవైపు నడుముకు కొంగు బిగించిన బజారు ఇమాలు, మధ్యలో చిన్న మూట పట్టుకుని వాంగంబా. రాజుగారు సింహాసనం మీద సర్దుకుని కూర్చుని, చెవికి అడ్డం లేకుండా తలపాగా పైకి జరుపుకున్నాడు. అథౌబా గొంతు సవరించుకున్నాడు.

"ఇది వాంగంబా సంవత్సరం. ఈ సంవత్సరమున వాంగంబా నదిపై వంతెన నిర్మింపజేసెను. అది కూలెను. వాంగంబా ధాన్యం నిల్వ చేసెను. అది మొలకెత్తెను. వాంగంబా అశ్వారూఢుడై బంతిని కొట్టెను. అది మంత్రి మోకాలిని తాకెను. వాంగంబా చెరువులోనికి రహదారి వేసెను..."

రాజుగారు మొదట నవ్వాడు. తర్వాత తల ఊపాడు. ఇరవయ్యో తప్పు దగ్గర ముందుకు వంగాడు. అరవయ్యో తప్పు దగ్గర ఉండబట్టలేక అడిగాడు.

"ఇందులో మేమెప్పుడు వస్తాం?"

అథౌబా పుటలు తిప్పాడు. ముందుకు తిప్పాడు, వెనక్కి తిప్పాడు. "ప్రభువుల ప్రస్తావన... ఇందు లేదు."

"రాకపోవడమేమిటి? ఏడాదంతా రాజ్యం చేశాం కదా!"

"చేసితిరి ప్రభూ. చేసినది చేసినట్టే చెడినది. చెడిన ప్రతిదీ శాసనం ప్రకారం వాంగంబాకు బదిలీ అయింది. తమరి పేర మిగిలినదేమీ లేదు. ఈ సంవత్సరం తమరు పరమ నిర్దోషులు."

"మరి మంచి పనులు?"

అథౌబా పది శాఖల అధికారుల వైపు చూశాడు. వాళ్లు కొలువు పైకప్పు వైపు చూశారు. దాన్ని ఎవరో నిజంగానే చక్కగా కట్టారు, కాని పాత రోజుల్లో.

"మా తాతగారికి ముప్పై ఏడు పుటలు," అన్నాడు రాజుగారు నీరసంగా.

అప్పుడు వెనకనుంచి థంబాల్ గొంతు వినిపించింది. "మహారాజా, చేపలమ్ముకునేదాన్ని, నాకేం తెలుసు! కాని నూరేళ్ల తర్వాత ఇది చదివేవాళ్లు మా ఆయనే రాజనుకుంటారేమో చూడండి. వంతెన కట్టించింది ఆయన, గుర్రమెక్కి ఆటాడింది ఆయన, ఏడాదికి పేరు కూడా ఆయనదే. చివరికి సరస్సు మధ్యలో దీవికి వెళ్లి విశ్రాంతి తీసుకున్నాడు అని కూడా రాస్తారట. అంత భోగం రాజుకి కాక ఇంకెవరికుంటుంది?"

ఇమాలందరూ అవునవునన్నారు. రాజుగారు వాంగంబా చేతిలో మూట వైపు చూశాడు. ఆ చూపులో, చెప్పడానికి సిగ్గుగా ఉంది గాని, అచ్చంగా అసూయే ఉంది.

"ఆ బంతి మాది!" అని గర్జించాడు.

"ప్రభూ, సదరు బంతి దోషము..." అని నసిగాడు అథౌబా.

"దోషమైతేనేం? కొట్టింది మేము! గుర్రం మాది, కర్ర మాది, మోకాలు మా మంత్రిది! అతనికేం సంబంధం? అది మా పేర రాయండి. వంతెన కూడా. కట్టమని ఆజ్ఞ ఇచ్చింది మేమే."

అంతవరకు నోరు మెదపని వంతెనల అధికారికి కూడా అప్పుడే లోకం తెలిసింది. తనకూ మనవలున్నారు, వాళ్లూ చరిత్ర చదువుతారు. "క్షమించాలి ప్రభూ, ఆజ్ఞ తమరిదే గాని, అవతలి గట్టున స్తంభాలు మరిచింది నేను. స్వయంగా మరిచాను. అందులో ఎవరి సాయమూ లేదు," అన్నాడు.

"నోర్ముయ్. పూర్తి వంతెన మాది."

"స్తంభాలైనా ఇప్పించండి ప్రభూ!"

ఇక ఆపేవాళ్లు లేరు. ధాన్యం అధికారి మొలకలు నావంటాడు. వైద్యుడు ఎడమకాలు నాదంటాడు. మోకాలు తనది గనుక సగం పుణ్యం తనకు రావాలంటాడు మంత్రి. ఏనుగుల అధికారి ఏనుగును పోగొట్టిన ఘనత ఎవరికీ వదలనని సభలో కూర్చుండిపోయాడు. ఒక్క పడవల ముసలాయన మాత్రం వాంగంబా దగ్గరికి వచ్చి, "ఆ పదీ నావే బాబూ. పేరు కోసం కాదు," అన్నాడు మెల్లగా. వాంగంబా ఆయన చెయ్యి పట్టుకున్నాడు.

గోల భరించలేక రాజుగారు సింహాసనం మీద లేచి నిలబడ్డాడు.

"రాయండి! ఈ సంవత్సరం ఈ రాజ్యంలో జరిగిన ప్రతి తప్పూ మాదే. చిన్నదీ పెద్దదీ, కోటలోదీ ఇంట్లోదీ, మాకు తెలిసిందీ తెలియందీ. పొద్దు వాలేదాకా ఏడాది ఉంది గనుక అందాకా జరగబోయేవి కూడా మావే. ఎవరైనా ఒక్కటి దాచినా రాజద్రోహం!"

రాజుగారి నోటి మాట శాసనం. అథౌబా రాశాడు. నూరు పత్రాల మీదా వాంగంబా పేరు కొట్టేసి రాజుగారి పేరు రాసేసరికి ఆయన చెయ్యి పట్టేసింది. ఏడాది పేరు కూడా మారింది. మోయడానికి ఒక్క తప్పూ లేని మనిషిని దీవికి పంపడానికి ఏ నిబంధనా లేదు గనుక, వాంగంబాను మూటతో సహా ఇంటికి పొమ్మన్నారు. శాలువా మాత్రం వాపసు తీసుకున్నారు.

ఇంటికి వచ్చాక థంబాల్ మొగుణ్ణి పట్టుకుని ఏడ్చింది, ఏడ్చినందుకు అతన్నే తిట్టింది. తర్వాత ఇద్దరూ కలిసి కొత్త ఏడాదికి ఇల్లు సర్దడం మొదలుపెట్టారు. మూల అటక మీద, అక్కడివాళ్లు ప్రతి కూరలోనూ వేసుకునే మురగబెట్టిన చేపల కుండ ఉంది. ఆరు నెలలుగా ఊరుతోంది, థంబాల్ అమ్మకమంతా దాని మీదే. దాన్ని దించబోయి వాంగంబా చేజార్చాడు. కుండ భళ్లున పగిలింది. ఆ వాసనకు పక్కింటి కుక్క లేచి వేరే వీధికి వెళ్లిపోయింది.

"ఎవరు చేశారిది?" అని అరిచింది థంబాల్.

వాంగంబా అలవాటు చొప్పున 'నేనే' అనడానికి నోరు తెరిచాడు. తెరిచి, ఎందుకో ఆగి, వాకిట్లోకి చూశాడు. పడమటి కొండ మీద పొద్దు ఇంకా బారెడు ఎత్తున ఉంది.

"రాజుగారు," అన్నాడు.

థంబాల్ ఒక నిమిషం అతని ముఖంలోకి చూసింది. పెళ్లయిన ఇన్నేళ్లలో అతను తప్పు తనది కాదనడం ఆమె వినలేదు. నవ్వు తన్నుకొచ్చి గోడ పట్టుకుంది. నవ్వి నవ్వి కళ్లు తుడుచుకుని, పెంకులూ చేపలూ ఒక్కటి పోకుండా బుట్టకెత్తింది.

"పొద్దు వాలేలోగా చేర్చాలి. దాస్తే రాజద్రోహమన్నారు," అని వీధిలోకి నడిచింది.

దారిలో బజారు. అడిగినవాళ్లకల్లా సంగతి చెప్పింది. ఒక ఇమా మొలకెత్తిన వడ్ల బస్తా ఎత్తుకుంది. ఇంకో ఇమా తన కొడుకు చింపిన బట్టల మూట పట్టుకుంది. మరొకామె చెరువులోకి వేసిన రోడ్డు మీద కాలు విరిగిన మేకను చంకనేసుకుంది. నలుగురు కలిసి చిల్లు పడిన పడవను భుజాలకెత్తుకున్నారు. వంతెన లేదు గనుక అందరూ ఎండలకు మోకాళ్ల లోతుకు తగ్గిన నీళ్లలో దిగి నది దాటారు, కోటవైపు గాలి వీస్తోంది.

రాజుగారు మేడ మీద నిలబడి రేపటి చరిత్రలో తన పుటలు ఎన్నవుతాయో అథౌబాను అడుగుతున్నాడు. ఉన్నట్టుండి ముక్కు మూసుకుని కిందికి చూశాడు.

"ఏమిటా వాసన? ఎవరు వాళ్లంతా? ఏం మోసుకొస్తున్నారు?"

అథౌబా తొంగి చూశాడు. బతుకులో మొట్టమొదటిసారి ఆయన నోట మామూలు మాట వచ్చింది.

"మీ చరిత్ర, మహారాజా."